రాతి మీది పైవరుస

ముందుగా ఒక మాట. నా చేతిరాత బాగుండదు. మా పేట బడిలో తెలుగు నాలుగో తరగతి దాకానే ఉండేది. ఆ పైన నేర్చుకున్నదంతా పడవల మీద పేర్లు రాస్తూ నేర్చుకున్నదే. ఒత్తు ఎక్కడ పెట్టాలో ఇప్పటికీ తడబడతాను. నేను కాగితం మీద రాసింది మనవరాలు పద్మ టైపు చేసి ఇక్కడ పెడుతోంది. కొన్ని తప్పులు తను దిద్దింది, కొన్ని తనకూ తెలియక వదిలేసింది. మన్నించి చదువుకోండి.

విశాఖ నుంచి, శ్రీకాకుళం నుంచి రంగూన్ చూడటానికి వస్తామని ఇద్దరు ముగ్గురు పద్మకి రాశారట. ఏరు దాటి మేముండే దలాకి ఎలా రావాలి, చీనా పేట ఎక్కడుంది అని అడిగారు. నేను పెద్దగా తిరిగినవాణ్ణి కాదు. ఏడాదికి ఒక్క ప్రయాణం మాత్రం మానను. ఏప్రిల్ మొదట్లో, బర్మా వాళ్ళ నీళ్ళ పండగకి ముందు, చీనా వాళ్ళు తమ పెద్దల సమాధులు శుభ్రం చేసుకుని రాతి మీద అక్షరాలకి కొత్త రంగు వేస్తారు. నా స్నేహితుడు కో తిన్ భార్య సమాధికి ఆ రంగు వేసేది నేనే. కో తిన్ చీనా మనిషే కానీ చిన్నప్పుడు పెరిగింది దలాలో, మా తెలుగు కూలీల ఇళ్ళ లైను పక్కన. వాళ్ళ నాన్నకి అక్కడ బియ్యం కొట్టు ఉండేది. తెలుగు మాకన్నా గట్టిగా మాట్లాడతాడు. తరవాత ఏరు దాటి లత పేటలో, అదే చీనా పేటలో, ఎండు చేపల వ్యాపారం పెట్టుకున్నాడు. ఇప్పుడు చెయ్యి వణుకుతుంది. కొడుకు ఔంగ్‌కి కుంచె పట్టడం రాదు. నాకు చీనా ఒక్క అక్షరం చదవడం రాదు గానీ, చెక్కిన గాడి వెంట కుంచె నడపడం వచ్చు.

ఈసారి బయల్దేరే ముందు కో తిన్ ఫోన్ చేసి, “బంగారు రంగు తక్కువ తెచ్చుకో పైడా” అన్నాడు. ఎందుకని అడగలేదు. నేను అడిగే మనిషిని కాదు.

దలా రేవులో తెల్లవారుజామున ఐదున్నరకే జనం ఉంటారు. కూలికి పోయేవాళ్ళు, కూరగాయల బుట్టలు, సైకిళ్ళు. మాకు టికెట్టు రెండు వందల చాట్‌లు. మీరు బయటి దేశంవారు కనుక ఎక్కువే అడుగుతారు, పాస్‌పోర్టు చూపించమంటారు. వంతెన కడుతున్నారు గానీ, మా అలవాటు పడవే. అవతలి ఒడ్డుకి పది నిమిషాలు. కింది అంతస్తులో బల్లలుంటాయి, గాలికి కూర్చోవాలంటే పై అంతస్తుకి వెళ్ళండి. నా పక్కన మామిడి ముక్కలు అమ్మే వరాలమ్మ కూర్చుంది. మా పేట మనిషే.

“ఏటి తాతా, డబ్బాలు సంకనెట్టుకుని యెటెల్తన్నావు?”

“చీనోల్ల సమాధికి రంగెయ్యాల.”

“మనోల్లకెయ్యవా మరి?”

“మనోల్లని కాల్సేస్తాం గదమ్మా. బూడిదికేటి రంగు?”

ఆమె నవ్వి రెండు ముక్కలు చేతిలో పెట్టింది, డబ్బులు తీసుకోలేదు. అంత ఉప్పూ కారం నాకు పడదు. అయినా తిన్నాను.

రంగూన్ వైపు పాన్సోడాన్ రేవులో దిగి ఏటి ఒడ్డు రోడ్డు పట్టుకుని పడమటికి అరగంట నడిస్తే లత పేట వస్తుంది. ఎండ ఎక్కకముందైతే నడవండి, బాగుంటుంది. ఎర్ర స్తంభాల చీనా గుడి కనపడితే వచ్చేసినట్టే. సందుల్లో ఇళ్ళు ఒకదాని మీద ఒకటి ఎక్కి ఉంటాయి, పై అంతస్తుల నుంచి తాళ్ళు వేలాడుతుంటాయి. తాడు లాగితే పైన గంట మోగుతుంది, పై నుంచి తాళం చెవి దిగుతుంది. కో తిన్ ఉండేది మూడో అంతస్తులో. నా మోకాళ్ళ కోసం అతనే కిందికి దిగొచ్చి నూడుల్సు కొట్టు ముందు ఎర్ర ప్లాస్టిక్ స్టూలు మీద కూర్చున్నాడు. వెల్లుల్లి నూనెలో కలిపిన నూడుల్సు, పక్కన గిన్నెడు పులుసు. మూడు వేల చాట్‌లకి కడుపు నిండుతుంది. వండే ఆవిడ నన్ను ఏడాదికి ఒక్కసారి చూస్తుంది, అయినా గుర్తు పెట్టుకుంది.

“మీ కలా వచ్చాడు, సమాధుల పండగ దగ్గరకొచ్చిందన్నమాట” అని బర్మా భాషలో కో తిన్‌ని వెక్కిరించింది. కలా అంటే ఇండియావాడు. కోపంగా అంటే తిట్టు. ఆవిడ అన్నప్పుడు తిట్టులా లేదు.

“పంది మాంసం వెయ్యకు, కలాకి దేవుడు కోప్పడతాడు” అన్నాడు కో తిన్. పోయినేడూ ఇదే మాట అన్నాడు.

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి, లేకపోతే తరవాతది అర్థం కాదు. ఈ దేశంలో ప్రభుత్వం గుర్తించిన జాతుల పట్టిక ఒకటుంది. అందులో ఉన్నవారు ఈ నేల మనుషులు. వాళ్ళకి గులాబీ కార్డు. లేనివాళ్ళలో కొందరికి నీలం, కొందరికి ఆకుపచ్చ. తాత ముత్తాతల నుంచి ఇక్కడే ఉన్నామని చూపించుకుని గులాబీ తెచ్చుకున్నవాళ్ళూ ఉన్నారు, కానీ అందరి వల్లా కాదు. కొన్ని చదువులు, కొన్ని ఉద్యోగాలు గులాబీ కార్డుంటేనే. తెలుగువాళ్ళం ఆ పట్టికలో లేము. ఓడల మీద వచ్చి లత పేటలో స్థిరపడిన చీనా వాళ్ళూ లేరు. కానీ ఈశాన్యపు కొండల్లో, చీనా సరిహద్దున కోకంగ్ అని ఉన్నారు. వాళ్ళూ చీనా వాళ్ళే. తెల్లవాళ్ళు రాకముందు నుంచీ ఆ కొండల్లో ఉన్నారు కాబట్టి పట్టికలో ఉన్నారు. అందుకని ఓడ దారిన వచ్చినవాళ్ళలో కొందరు కార్డు రాయించుకునేటప్పుడు కోకంగ్ అని రాయించుకున్నారు. ఔంగ్ చిన్నప్పుడు కో తిన్ కూడా అలాగే చేశాడు. నాకు ఈర్ష్యగా ఉండేది. దాక్కోవడానికి వాళ్ళకి ఒక కొండ దొరికింది, మాకు అదీ లేదని.

ఎనిమిదింటికి ఔంగ్ టాక్సీ తెచ్చాడు. యాభై ఏళ్ళ మనిషి, నన్ను ఊలే అంటాడు. చిన్నాన్నని అలా పిలుస్తారు. లైంగ్‌థార్యార్ అనే శివారు పేట దాటి చీనా శ్మశానం దాకా వెళ్ళి, అక్కడ ఆగి, తిరిగి తీసుకురావడానికి నలభై వేలకి బేరం. బస్సులో చాలా చౌక గానీ, పళ్ళూ, సమాధి దగ్గర కాల్చే కాగితాల సామానూ మోసుకుని ఎక్కలేము. ఊరి పడమటి వంతెన దాటగానే బట్టల ఫ్యాక్టరీలు మొదలవుతాయి. ఆడపిల్లలు పికప్ బళ్ళ వెనక నిలబడి, టిఫిన్ క్యారియర్లు చేత్తో పట్టుకుని పోతుంటారు. దారిలో ఒకచోట సోల్జర్లు బండి ఆపారు. డ్రైవరు వెనక్కి తిరక్కుండానే, “కార్డులు చేతిలో పెట్టుకోండి, మాట్లాడకండి” అన్నాడు. ఔంగ్‌దీ వాళ్ళ నాన్నదీ గులాబీ. సోల్జరు కుర్రాడు ఓసారి చూసి ఇచ్చేశాడు. నాది నీలం. రెండు వైపులా తిప్పి చూశాడు, నా మొహం చూశాడు, డబ్బాల మూతలు తీయించి వాసన చూశాడు. ఎప్పుడూ ఉన్నదే.

శ్మశానంలో ఆ రోజు తిరణాల లాగా ఉంటుంది. కొబ్బరి చీపుళ్ళు, పిల్లల అల్లరి, అగరొత్తుల పొగ. కో తిన్ భార్య సమాధి మూడో వరుసలో. రాయి జంటకి చెక్కించినది. ఆవిడ పేరూ కో తిన్ పేరూ పక్కపక్కన. పోయినవారి పేరు బంగారు రంగు, బతికున్నవారి పేరు ఎరుపు. ఇంటిపేరు అక్షరం మాత్రం ఎప్పుడూ ఎరుపే, ఇంటిపేరుకి చావు లేదని. అన్నిటికన్నా పైన, అడ్డంగా, చిన్నగా మూడక్షరాలు, అవీ బంగారు రంగే. అవి కో తిన్ తాతల ఊరు, పెళ్ళయ్యాక ఆవిడదీ అదే. సముద్రపు ఒడ్డు జిల్లా. చీనా వాళ్ళు ఎక్కడ చచ్చినా రాతి మీద ఆ ఊరు రాసుకుంటారు.

రాయి కడిగి, ఆరాక నేను బంగారు డబ్బా మూత తీశాను. ఔంగ్ నా పక్కన గొంతుక్కూర్చుని సంచిలోంచి గోడలకి పెట్టే లప్పం పొట్లం తీశాడు.

“ఊలే, పైవరుసకి రంగు వద్దు. పూడ్చెయ్యాలి.”

నేను కో తిన్ వైపు చూశాను. అతను నారింజ పళ్ళు పేరుస్తున్నాడు, తల ఎత్తలేదు.

“పోయినేడు పక్క సమాధివాళ్ళు ఫొటో దిగి ఫేస్‌బుక్‌లో పెట్టారు. వెనకాల మన రాయి. ‘కోకంగ్ వాళ్ళకి సముద్రం ఎక్కడిది’ అని ఎవరో కింద రాసి నవ్వారు. మా అబ్బాయికి పద్దెనిమిది నిండాయి, వాడి కార్డు ఈ ఏడే మార్చాలి. ఆ మాట ఎవరి చెవిన పడుతుందో నాకు తెలీదు ఊలే.”

“రంగెయ్యకుండా ఉంటే చాలదా?”

“గాడి కనపడుతుంది కదా.”

అప్పుడు కో తిన్ తెలుగులో అందుకున్నాడు. కొడుక్కి తెలుగు రాదు.

“ఆడి మాట ఇను పైడా. నువ్వే పూడ్సీ. ఎవుడో కూలోడి సేత పూడిపిస్తే నా ఇంటిదానికి నొప్పెడద్ది.”

“నువ్వేటంటావు?”

“నానేటంటాను? కాగితం మీద నానేనాడో కొండెక్కీసినాను. ఇదొక్కతే ఒడ్డునుండిపోనాది. ఆ కొండలు నానెప్పుడూ సూడనేదు. సలి ఎక్కువంట.” నవ్వాడు. తరవాత, “ఆడు తెచ్చినదే ఎట్టీ. సాలు” అన్నాడు.

నేను ఔంగ్ తెచ్చిన పొట్లం విప్పి వేళ్ళ మధ్య నలిపి చూశాను. ఇంటి లోపలి గోడల సరుకు. రెండు వానలకి ఊడిపోతుంది.

“ఇది నిలవదురా” అన్నాను.

నా పెట్టెలో పడవల లప్పం ఎప్పుడూ ఉంటుంది. గుగ్గిలం, నూనె కలిపి నేను చేసుకునేది. ఏటి నీళ్ళలో ఏళ్ళ తరబడి నానినా కదలదు. రాయి రంగు రావాలని అగరొత్తుల బూడిద కొంచెం కలిపాను. కో తిన్ నా చేతులకేసి చూస్తూ కూర్చున్నాడు. కుంచె నడిచే వరసలోనే, మొదటి గీత నుంచి చివరి గీత దాకా, మూడక్షరాలూ పూడ్చాను. బొటనవేలితో నున్నగా రుద్దాను. ఆరాక అక్కడ ఎప్పుడూ ఏమీ లేనట్టే ఉంది. ఔంగ్ వేలితో తడిమి చూసి రెండు చేతులూ జోడించాడు. పని అంత బాగా కుదిరింది.

తరవాత ఆవిడ పేరుకి బంగారం వేశాను, కో తిన్ పేరుకి ఎరుపు. కో తిన్ టీ కప్పులు పెట్టి, అగరొత్తులు పట్టుకుని తన భాషలో చాలాసేపు మాట్లాడాడు.

“ఏటి సెప్పినావు?” అని అడిగాను. ఈసారి నేనే అడిగాను.

“ఊరు మార్సీసినాం, బెంగెట్టుకోకు, కొన్నాల్లే అన్నాను.”

కొన్నాళ్ళే అన్న మాట నాకు అప్పుడు పట్టలేదు. తిరిగి వచ్చేటప్పుడు టాక్సీ వంతెన మీద ఆగిపోయింది, ముందు బళ్ళ బారు. ఔంగ్ ముందు సీట్లో ఫోన్ చూసుకుంటున్నాడు. కో తిన్ కిటికీ బయటికి చూస్తూ మెల్లగా అన్నాడు.

“గోడ లప్పమైతే ఈ వానలకి రాలిపోను గదా పైడా. ఆడి పని అయిపోను, దాని ఊరు దానికి తిరిగొచ్చీసును. నానదే అనుకున్నాను.”



“ముందే సెప్పొచ్చు గదా” అన్నాను.

“నువ్వు అంత శ్రద్దగా కలుపుతుంటే ఏటి సెప్పను?” నా మోకాలి మీద తట్టాడు. “పోన్లే. వచ్చే యేడు బంగారం ఎక్కువ తెచ్చుకో. నా పేరుకీ అవసరమవుతాదేమో.”

“నోర్ముయ్యి” అన్నాను. ఇద్దరం నవ్వాం గానీ, నాకు నవ్వు లోపలికి దిగలేదు.

నాలుగింటి పడవకి ఏరు దాటాను. డబ్బా మూత మీద నా వేలు తనంతట తనే ఆ మూడక్షరాలు గీస్తోంది. కో తిన్ చదవగలడు, చెయ్యి నిలవదు. ఔంగ్‌కి రెండూ రావు. నాకు చదవడం రాకపోయినా గీత వచ్చు. దాక్కోవడానికి వాళ్ళకో కొండ ఉందని ఇన్నేళ్ళు ఈర్ష్య పడ్డాను. ఆ కొండ ఎక్కాలంటే ఒడ్డున ఎవరిని వదలాలో నాకు తెలియలేదు. పైగా చేతి అలవాటు కొద్దీ, ఎప్పటికీ ఊడని లప్పం పెట్టి వచ్చాను. పడవకి చిల్లు పూడ్చినంత గట్టిగా పూడ్చాను. వరాలమ్మకి చెప్పిన మాట గుర్తొచ్చింది. మా వాళ్ళ బూడిదకి రాయి లేదు, చెరపడానికి ఊరి పేరూ లేదు. అది మేలో కీడో నాకు తెలియడం లేదు.

మీరు వచ్చేటట్టయితే ఒక్కటే జాగ్రత్త. శ్మశానం వైపు వెళ్ళేరోజు ఉదయమే బయల్దేరి, పాస్‌పోర్టు పైజేబులో ఉంచుకుని, చీకటి పడకముందే దలా పడవ ఎక్కెయ్యండి. సమాధుల దగ్గర ఫొటోలు తీయకండి. తీసినా ఎక్కడా పెట్టకండి.

ఇంకొక మాట అడగాలి. మీలో రంగు పనివాళ్ళు గానీ, రాతి పనివాళ్ళు గానీ ఉంటే చెప్పండి. గుగ్గిలం లప్పం గట్టిపడ్డాక, కింద చెక్కిన అక్షరం అంచు చెదరకుండా తీసే ఉపాయం ఏదైనా ఉందా? పిల్లాడి కార్డు పని అయ్యాక తీద్దామని. ఉంటే దయచేసి త్వరగా జవాబు రాయండి. నా కళ్ళు తగ్గుతున్నాయి, కో తిన్ పేరు ఇంకా ఎరుపులోనే ఉంది.