చెప్పుల స్టాండును గుద్దిందెవరు

అమెరికాలో, హెర్న్‌డన్‌లోని ఒక డేకేర్‌లో పనిచేసే లీలకు యాభై ఆరేళ్ళ వయసులో, మూడో ప్రయత్నంలో డ్రైవింగ్ లైసెన్స్ వచ్చింది. అంతవరకూ ఆమె రాకపోకలన్నీ భర్త యోగానంద్ తీరికను బట్టే. ఆయన వచ్చేదాకా డేకేర్ గుమ్మంలో పడిగాపులు కాసి కాసి విసిగిపోయింది. అందుకే సొంతానికి ఒక పాత కారు కొనుక్కుంది.

శనివారం గుడి ముందు కారు పూజ. పూజారి టైర్ల కింద నిమ్మకాయలు పెట్టి, స్టీరింగ్ ముందున్న లీలను ముందుకు పోనివ్వమన్నారు. కారు నిమ్మకాయల్ని వదిలేసి పక్కకు తిరిగి చెప్పుల స్టాండును గుద్దింది. అదృష్టం, ఎవరికీ దెబ్బ తగల్లేదు.

బ్రేక్ అనుకుని యాక్సిలరేటర్ తొక్కేసిందని యోగానంద్ అక్కడికక్కడే తేల్చేసి, తాళం జేబులో వేసుకున్నాడు. మీరు స్టీరింగ్ లాగలేదా అని లీల అడిగితే, తాను అప్పటికే దిగి పూజారి పక్కన నిలబడ్డానన్నాడు. ఇక సాక్షులు బయల్దేరారు. లీల దణ్ణం పెట్టుకుంటూ కళ్ళు మూసుకుందని స్నేహితురాలు శాంతి చెప్పింది. రిటైరైన డాక్టరు ధర్మారావుగారైతే ఆమె చేతిలో ఫోన్ చూశానన్నారు. ఆ ఫోన్ ఆ పూట ఇంట్లో చార్జింగ్‌లో ఉంది. అంతమంది అక్కడే ఉండి ఒక్కరూ సరిగ్గా చూడకపోవడం ఏమిటో, చూడనిదాన్ని ఒట్టేసి మరీ చెప్పడం ఏమిటో!

లీలకు ఒళ్ళు మండిపోయింది. కానీ మంగళవారం పొద్దున మళ్ళీ భర్త పక్కన కూర్చుని పనికి పోతుంటే, ఆ రోజు కాలు ఏ పెడల్ మీద ఉందో తనకే అనుమానం వచ్చింది. ఇంట్లో ఏ మాట వచ్చినా ‘అలా కాదు, నువ్వు మర్చిపోయావ్’ అని ఆయన అనడం, కాబోలని ఈమె ఊరుకోవడం పెళ్ళైనప్పటి నుంచీ ఉన్నదే.

ఆదివారం శాంతి కూతురు సాన్వి వచ్చింది.

“ఆంటీ, నేను వీడియో తీశాను. నన్ను ఎవరూ అడగలేదు.”

వీడియోలో యోగానంద్ పక్క సీట్లోనే ఉన్నాడు. టైరు నిమ్మకాయ మీదికి పోవాలని చెయ్యి చాచి స్టీరింగ్ లాగాడు. ఆ వెంటనే బ్రేక్ లైట్లు వెలిగాయి. అప్పుడాయన తన మీద అరిచాడని లీలకు గుర్తు. వీడియోలో మాత్రం నవ్వుతున్నాడు. అదొకటి ఆమె కూడా తప్పుగానే గుర్తుపెట్టుకుంది.

యోగానంద్ రెండుసార్లు చూశాడు.

“దిగానే... నాకు బాగా గుర్తుంది” అన్నాడు.

ఆయన అబద్ధమాడటం లేదు. అది తెలిశాక లీల కోపం రెట్టింపైంది. అబద్ధమైతే ఈ ఒక్కదాంతో పోయేది.

ఆయన తాళం తీసి బల్ల మీద పెట్టాడు. లీల దాన్ని అందుకుంది.

“ఇన్నేళ్ళూ మీకు గుర్తున్నట్టే జరిగిందనుకున్నాను. అందులో ఏవి జరిగాయో, ఏవి జరగలేదో ఇప్పుడు నాకెవరు చెప్తారు? వాటికి వీడియోల్లేవు.”