చెక్ దర్శకుడు మా కల్లానికి వచ్చినప్పుడు

ఈ సంగతి ఇన్నాళ్ళూ రాయలేదు, నాకు రాయడం రాదు కనుక. అరవై దాటాక, ఆదివారం ఆరాధన అయిపోయాక, పాస్టరమ్మగారు చర్చి అరుగు మీద కూర్చోబెట్టి దిద్దించిన అక్షరాలివి. మొన్న మా మనవరాలు ఫోన్‌లో ఒక ముసలాయన ఫొటో చూపించి, "అమ్మమ్మా, మీ కల్లానికొచ్చింది ఈయనేనా?" అంది. ఆయనే. పోయారట. ఫొటో కింద ఆయన బతుకంతా తెలుగులో ఉంటే కూడబలుక్కుని చదివాను. చెక్ దేశంలో సినిమాలు తీసేవారు, కథలూ ఆయనే రాసుకునేవారు. కుర్రతనంలో తీసిన మొదటి సినిమాకే పేరొచ్చింది. తర్వాత అక్కడి ప్రభుత్వానికి కోపమొచ్చి కెమెరా ముట్టనివ్వలేదు. చాలా ఏళ్ళు తన పేరు లేకుండా వేరేవాళ్ళకి కథలు రాసి బతికారు. ప్రభుత్వం మారాక, జుట్టు నెరిశాక, మళ్ళీ తీశారు. ఆఖరి సినిమాలో పర్చూరు వైపు మిరప కల్లం ఒకటి ఉందని ఆ ఫొటో కింద ఒక్క వాక్యం రాశారు.

ఆయనొచ్చిన మొదటిరోజు కల్లమంతా తిరిగి, వద్దంటున్నా ఒక కాయ కొరికి, కళ్ళనీళ్ళతో కుర్చీలో కూలబడ్డారు. వెంట వచ్చిన హైదరాబాదు అమ్మాయి, "రేపు మీరు తాలు ఏరుతుంటే తీస్తారండీ," అని చెప్పింది. తాలంటే రంగుపోయి తెల్లబారిన కాయ. పరాయి దేశం వాళ్ళకి మన తాలు చూపించుకోవడమేమిటని మాకు సిగ్గేసింది. పొద్దుగూకేలోపు మా కూలీల ముఠా అంతా కూర్చుని ఏరేశాం. తాలు బస్తాలకెత్తి, కల్లం ఊడ్చేశాం. మర్నాడు క్రిస్మస్ పట్టుచీరలు కట్టుకుని వరసగా నిలబడ్డాం.

ఆయన మమ్మల్ని చూసి గోనెపట్టా మీద కూర్చుండిపోయారు. ఏదో మెల్లగా అన్నారు. ఆ అమ్మాయి చెప్పింది: "వాళ్ళ ప్రభుత్వం కూడా సినిమాలో కూలీలకి కొత్తబట్టలు కట్టించమనేదట. ఒప్పుకోనందుకే ఆయన్ని పక్కన పెట్టారట."

మా మేస్త్రి పెళ్ళాం, నాకు వదిన వరస, ఊరుకునే మనిషి కాదు. "వాళ్ళంటే కట్టమన్నారమ్మా. మాకెవరు చెప్పారు? మా చీరలు మేం కట్టుకున్నాం. ఆ ముక్క చెప్పు ఆయనకి!"

ఆ ముక్క విని ఆయన చాలాసేపు నవ్వారు. లేచి వదినకి దణ్ణం పెట్టారు.

"చీరలు మీ ఇష్టమేనంట," అంది ఆ అమ్మాయి. "కానీ చెయ్యడానికి పనేదండీ? డబ్బు పెట్టినవాళ్ళు రేపు పొద్దుటిదాకే గడువిచ్చారు. ఈ తాలు ఏరే సీను లేకపోతే సినిమా పూర్తవదు."

కల్లంలో ఎర్రటి కాయ తప్ప ఇంకేం లేదు.

ఒక మనిషి ఎన్నో ఏళ్ళు చేసిన పని ఫోన్‌లో ఒక పేజీకి సరిపోయింది. ఆ పేజీ చదవగలగడానికి నాకు ఇంచుమించు అన్నేళ్ళూ పట్టాయి.

ఆ గడువు రోజు పొద్దున్నే ఆ పట్టుచీరతోనే కల్లానికి వెళ్ళి, తాలు బస్తా మూతి విప్పి మంచికాయల మీద కుమ్మరించాను. "ఏమే, మతిపోయిందా నీకు!" అని వదిన కేకలేస్తుంటే, చేత్తో రెండూ బాగా కలిపేసి, కెమెరా ముందు కూర్చుని మొదటి నుంచీ ఏరడం మొదలుపెట్టాను.