లోపల వదిలిన గుడ్డ

ఆ వీధిలో ఆవిడ అసలు పేరు ఎవరికీ గుర్తులేదు. అందరికీ ఆవిడ వదులు టైలరమ్మే. ఏది కుట్టినా కుట్టు లోపల రెండు వేళ్ల గుడ్డ వదలందే ఆవిడకు చెయ్యి ఆడదు. మనిషన్నాక ఈ ఏడు ఉన్నట్టే వచ్చే ఏడు ఉంటుందా? ఒళ్లు చేస్తే ఆ కుట్టు విప్పుకుంటే సరి, అదీ ఆవిడ వాదన.

టీవీలో అందాల పోటీ వచ్చిందంటే మాత్రం మిషను ఆగిపోవలసిందే. ఎవరి అంచు వంకరపోయిందో, ఎవరి జిప్పు ఉబ్బిందో చూసి ఇంట్లో కూర్చునే మార్కులు కోసేసేది. న్యాయనిర్ణేతలు ఏనాడూ ఆవిడ మాట విన్న పాపాన పోలేదు.

ఈసారి ఆ పోటీకి సాక్షాత్తూ మేనకోడలే ఎంపికైంది. ఇక ఆవిడ కాళ్లు నేల మీద నిలిస్తే ఒట్టు! నీలం శాటిన్ గౌను తనే కుడతానంది. తీరా కొలతలకు వచ్చిన పిల్లను చూస్తే బుగ్గలు లోపలికి పోయాయి, నడుము చుట్టిన టేపు బడిపిల్ల కొలత చూపించింది.

"ఇంతే ఉండాలట అత్తా. బిగించి కుట్టు. లోపల గుడ్డ వదిలావో, నా మీద ఒట్టే!"

"నీ కడుపులో ఏమైనా పడి ఎన్నాళ్లయిందే?"

"కిరీటం వచ్చాక తింటాలే."

ఆవిడ సరేనని తలూపింది. చేతులు వింటేగా! కుట్టడం పూర్తయ్యేసరికి లోపల రెండు వేళ్ల గుడ్డ ఉండనే ఉంది. అలవాటో, భయమో ఆవిడకే తెలియదు.

పోటీ రోజు పొద్దున్నే ఫోను, ఏడుపుతో సహా.

"అత్తా, పోయిన వారం రిహార్సల్లో కళ్లు తిరిగి పడ్డాను. అప్పట్నుంచి ఆకలికి ఆగలేక తింటూనే ఉన్నాను. గౌను పట్టడం లేదు. అంతా అయిపోయింది!"

"ఏం కాలేదు. గౌను తిరగేసి పక్క కుట్టు చూడు."

ఫోనులో గౌను తిరగేస్తున్న చప్పుడు.

"అత్తా! నేను ఒట్టు పెట్టాను కదా!"

"నీకేమయిందిప్పుడు? హాయిగా తింటున్నావు. సూది తీసుకో."

సాయంత్రం టీవీలో పిల్ల నిండు బుగ్గలతో నవ్వుతూ నడిచింది. కిరీటం వేరే అమ్మాయికి పోయింది. టైలరమ్మ న్యాయనిర్ణేతలను నోరారా తిట్టింది. గెలిచిన అమ్మాయిని కౌగిలించుకోవడానికి మేనకోడలు చెయ్యెత్తగానే, గౌను పక్కన పాత కుట్టు విప్పిన చోట సూది చిల్లులు వరుసగా బయటపడ్డాయి.

"అయ్యయ్యో, పరువు పోయిందే! ఇలాంటివాటికే కదా నువ్వు మార్కులు కోసేది?" అన్నాడు పక్కనే కూర్చుని టీవీ చూస్తున్న ఆవిడ భర్త.

"కనబడనివ్వండి," అంది ఆవిడ, కళ్లు తుడుచుకుంటూ. "పిల్ల కడుపునిండా తిన్న గుర్తులవి."