అంతరిక్షానికి నానమ్మ పెట్టిన ప్రస్థానం

మా వీధి చివర పూజ పందిరి పని మొదలైనట్టుంది; ఉడుకుతున్న మైదా జిగురు, పచ్చి వెదురు కలిసిన వాసన కిటికీలోంచి వస్తోంది. ఫోనులో చూస్తే అంతరిక్ష కేంద్రానికి వెళ్ళాల్సిన వ్యోమగాముల ప్రయాణం, రాకెట్‌లో ఏదో లీకట, మళ్ళీ వాయిదా. ఇలాంటి పూట నేను చెప్పదగ్గది మహాకావ్యమే: బెంగాల్లో సంత్రాగాఛి రైల్వే క్వార్టర్ల నుంచి కక్ష్యలోకి మనిషిని పంపిన వీరగాథ. నిజానికి ఆ కక్ష్య ఎత్తు పన్నెండడుగులు. కేంద్రం తిరిగేది కూడా కాదు, గుంజలకి కట్టేసి ఉండేది.

నాకప్పుడు తొమ్మిదేళ్ళు. పట్టాల పక్కన రెల్లు పూసి, యార్డులోంచి వచ్చే ఇంజన్ నూనె వాసనలో ఎవరింట్లోనో వేగుతున్న వంకాయ బజ్జీల వాసన కలిసి, బళ్ళో ఎవరికీ పాఠం తలకెక్కని ఆ రోజుల్లో, క్లబ్బు సెక్రెటరీ బాపీదా దుర్గాపూజకి అంతరిక్ష కేంద్రం కట్టించాడు. థర్మోకోలు, వెండికాగితం, మధ్యలో అమ్మవారు, దారాలకి వేలాడుతూ తేలిపోతున్న మహిషాసురుడు. షష్ఠి సాయంత్రం వెదురుబుట్టలో మనిషిని కూర్చోబెట్టి, కప్పీ మీద తాడుతో పైకి లాగి కేంద్రానికి తగిలించాలని పథకం. ఆ మనిషిని నేనే. తెలివికి కాదు, పిల్లలందరిలో నేనే తేలిక. అయినా నెల్లాళ్ళు మామూలు పిల్లలతో మాట్లాడలేదు.

ఆ సాయంత్రం వర్జ్యం అని మా నానమ్మ పంచాంగంలో కనిపెట్టింది. బయల్దేరే వేళ మంచిది కాకపోతే, మంచి గడియలో ముందుగానే ఒక మూట ఇంకొకరింట్లో పెడితే మనిషి బయల్దేరినట్టే లెక్క. దాన్నే ప్రస్థానం అంటారు. పొద్దున్నే జత బట్టలు, పసుపు బియ్యం, వాటితోపాటు వెండికాగితం చుట్టిన నా హెల్మెట్ కూడా మూటగట్టి ఎదురింటి బెంగాలీ పిన్నిగారు, మేం కాకీమా అనే ఆవిడ దగ్గర పెట్టొచ్చింది. మధ్యాహ్నం కాకీమా ఇంటికి తాళం వేసి షాలిమార్‌లో పుట్టింటికి పోయింది.

సాయంత్రం డప్పుల మోతలో బాపీదా నా వట్టి తల చూశాడు. "హెల్మెట్ లేకుండా ఎక్కడానికి ఇదేమన్నా మినీ బస్సా?"

అతని మేనల్లుడు టుబాయి వాళ్ళ నాన్న తన స్కూటర్ హెల్మెట్ తెచ్చాడు. కాసేపు నాకిమ్మంటే, "మా వాడి తలకైతేనే" అన్నాడాయన. టుబాయి ఎక్కాడు. సగం దూరంలో తాడు ఇరుక్కుంది. బుట్టలోంచి "మా! మా!" అని అమ్మ కోసం వాడి ఏడుపు, అది కూడా ప్రదర్శనే అనుకుని జనం చప్పట్లు. కింద నేనూ ఏడుస్తున్నాను, నాకెవరూ చప్పట్లు కొట్టలేదు.

"ఏటే ఆ ఏడుపు?" అంది నానమ్మ. "నీ ప్రయాణం పొద్దున్నే అయిపోనాది. ఆడింకా మజ్జిలోనే ఉన్నాడు, సూడు."

"నేనేటీ సూడలేదు కదా!"

"ఎల్లినోళ్ళందరూ సూస్తారేటి? మీ తాత ముప్పయ్యేళ్ళు ఇంజనెక్కినాడు. ఏటి సూసినాడు?"

ఈ వ్యోమగాముల మీద నాకు జాలి లేదు. అన్ని దేశాల మేధావులు కూడి, అంత పొగా నిప్పూ సిద్ధం చేసుకుని, చివరికి ఒక లీకు దగ్గర ఆగారు. మేం తాడు దగ్గర ఆగాం, తేడా దుస్తుల్లోనే. మరుసటేడు నేను బరువెక్కాను, టుబాయి చెల్లెలు తేలికైన పిల్లగా పేరు తెచ్చుకుంది. ఇప్పుడు నానమ్మ లేదు, ఆ క్వార్టర్లు కూలగొట్టారు. క్లబ్బు మైదానంలో సైకిల్ స్టాండు వచ్చింది. దాని బోర్డు మీద "ఆదివారం సెలవు" అని రాసుంది.