నా పేరుతో అచ్చయిన మాట

తొంభైల్లో, నిడదవోలులో టీచరుగా చేరిన కొత్తలో, నాకు కథలు రాసే పిచ్చి ఉండేది. మా బడిలో పనిచేసే ఆయమ్మ నాకంటే పదిహేనేళ్లు పెద్దది. ఓ మధ్యాహ్నం అన్నాలు తింటూ తన మొదటి బిడ్డ సంగతి చెప్పింది. రెండేళ్ల పిల్లాడు జ్వరంతో కాకినాడ ఆసుపత్రిలో పోయాడట. శవమని తెలిస్తే బస్సు ఎక్కనివ్వరేమోనని భయపడి, వాణ్ణి కొంగులో చుట్టుకుని, జోకొడుతూ ఊరు చేరిందట.

"పక్క సీటావిడ బాబు పడుకున్నాడా అనడిగితే అవునన్నానండి. ఏడిస్తే తెలిసిపోద్దని ఏడవలేదు. బస్సు దిగేదాకా వాడు బతికే ఉన్నాడండి," అంది.

ఆ వారంలోనే కథ రాసేశాను. ఆ మాటతోనే ముగించాను. ఒక వారపత్రిక వేసుకుంది. ఆయమ్మకు చెప్పలేదు. ఆవిడకు చదవడం రాదు కదా అనుకున్నాను.

రాజమండ్రిలో ఒక సాహిత్య సభకు నన్ను పిలిచారు. అక్కడో పెద్దాయన లేచి, "ఆ చివరి వాక్యం మీకెలా తట్టిందమ్మా?" అని అడిగారు.

"రాస్తుంటే అదే వచ్చిందండి," అన్నాను.

చప్పట్లు కొట్టారు. శాలువా కప్పించుకుని బస్సెక్కాను.

నెల తిరక్కుండానే ఆయమ్మ పత్రిక పట్టుకుని స్టాఫ్‌రూముకి వచ్చింది.

"మా అమ్మాయి చదివి వినిపించిందండి. బాగా రాశారు టీచరుగారూ."

"పేర్లు మార్చేశాను. మీ కథేనని ఎవరికీ తెలీదు," అన్నాను, అదేదో నేను చేసిన ఉపకారమైనట్టు.

"అదేనండి నేను అడుగుదామనుకున్నది. వాడి పేరెందుకు తీసేశారండి? వాడి పేరు ఏ కాయితం మీదా లేదు. మీ పేరు మాత్రం పెద్ద పెద్ద అక్షరాల్తో ఉందంట."

కోపంగా అనలేదు. కోప్పడి ఉంటే ఏదో ఒకటి సర్దిచెప్పుకునేదాన్ని.

కథలు పుస్తకంగా వేయడానికి నాకు పదేళ్లు పట్టింది. అందులో పిల్లాడికి వాడి పేరే పెట్టాను. ఆ కథకు నా పేరు కంటే ముందు ఆయమ్మ పేరు వేయించాను. ఆ చివరి వాక్యం ఆవిడదేనని ముందుమాటలో ఒప్పుకున్నాను. సభలో అడిగిన పెద్దాయన అప్పటికే పోయారు. ఆయన మాత్రం నా అబద్ధాన్నే నమ్మి పోయారు.

పుస్తకం ఆయమ్మ ఇంటికి తీసుకెళ్లి ఇచ్చాను. పిల్లాడి పేరు ఎక్కడుందో చూపించమంది.

"ఇంత చిన్నగా ఉంటదాండి?" అంటూ దాని మీద వేలు ఆనించి, చాలాసేపు తీయలేదు. తర్వాత నన్ను కుర్చీ లాక్కుని కూర్చోమంది. కూర్చోలేకపోయాను.