గుట్ట దారి

మానసిక ఆసుపత్రిలో ఆడవాళ్ల వార్డు ఆయాకి తోటివాళ్లు పెట్టిన పేరు తాళంకప్ప. తిరగబడ్డ రోగిని ఒకసారి పట్టుకుందంటే, డాక్టరు సూది వేసేదాకా వదిలేది కాదు మరి. చెంపలు వాచినా, జుట్టు ఊడి వాళ్ల చేతుల్లోకి వచ్చినా, తిరిగి చెయ్యెత్తిన పాపాన పోలేదు. ఏం ఓర్పు తల్లీ అని అందరూ ముక్కున వేలేసుకునేవారు.

ఓర్పూ లేదు, పాడూ లేదు. చెయ్యెత్తితే ఉద్యోగం ఊడుతుంది, అంతే. అక్కడ దిగమింగిన కోపమంతా ఇంటికి మోసుకొచ్చేది. ఇంట్లో ఉన్నది తండ్రిలేని కూతురు ఒక్కతే. పాలు పొంగిపోయాయని ఒకరోజు దాన్ని గరిటె వంగిపోయేలా బాదింది. పిల్ల ఏడవలేదు. చెవి మీద నెత్తురు తుడుచుకుంటూ, "అక్కడ ఎవర్నీ కొట్టవట కదమ్మా" అంది.

ఆ మాట ఆమెను నిలువునా కోసింది. మర్నాడు డ్యూటీ దిగాక బస్సెక్కలేదు. ఆసుపత్రి వెనక గుట్టెక్కి అవతల దిగితే ఇల్లు. నిటారు బండలు, ముళ్లకంపలు, మొహాన కొట్టే గాలి. పిడికిలి బిగిస్తే బండ చేతికి చిక్కదు. వేళ్లు చాపి పాకాల్సిందే. పైన ఒక గద్ద ఎలుకను చీల్చి తిని, ముక్కు బండకు రుద్దుకుని ఎగిరిపోయింది. దానికి ఎవరి మీదా కక్ష లేదు. ఆయా చాలాసేపు అటే చూస్తూ కూర్చుంది. దిగేటప్పటికి కోపం పోలేదు గానీ, తన అదుపులోకి వచ్చింది. ఆ రోజు నుంచి రోజూ అదే దారి. ఇంట్లో మళ్లీ చెయ్యి లేవలేదు.

ఒక వానరోజు కొత్త రోగి ఆయా తలను గోడకేసి మోదింది. పన్ను ఊడింది. నోటినిండా నెత్తురుతోనే ఆ రోగిని మంచానికి అదిమిపట్టింది. పెదవికి కుట్లు వేయించుకుని, గుట్టెక్కే ఓపిక లేక బస్సులోనే ఇంటికొచ్చి తలుపు తట్టింది.

"గుట్ట మీంచి వచ్చావా, బస్సులో వచ్చావా?" లోపల్నుంచి కూతురి గొంతు.

ఇన్నాళ్లూ పిల్ల కిటికీలోంచి తను ఏ వైపు నుంచి వస్తోందో చూశాకే గడియ తీస్తోందని ఆయాకి అప్పుడు అర్థమైంది. ఇవాళ వానకి కిటికీ మూసి ఉంది. ఒళ్లు భగ్గుమంది. తలుపు తన్నడానికి కాలు లేచింది కూడా. గుట్ట మీంచే అని ఒక్క ముక్క చెబితే సరిపోయేది.

"బస్సులోనే వచ్చానే. గడియ తియ్యకు, వెళ్లొస్తా" అంది.

వానలో గుట్ట వైపు తిరిగింది. లోపల పిల్ల పై గడియ కూడా వేసుకుంటున్న చప్పుడు వినిపించింది.