వేపరొట్టతో గెలిచిన కొట్లాట

ముందే చెబుతున్నాను, నోట్లో నీళ్లు పోసుకొని ఈ కథ చదవకండి. పొరపోతే నా పూచీ లేదు. జగిత్యాలలో, నిండు జనంలో, నా పరువునూ నా బిడ్డ పరువునూ ఒక్క నీళ్ల సీసాతో కడిగి పారేసిన ఘనత నాది.

మాది కోరుట్ల. నేను బీడీలు చుడతాను, మా ఆయన దుబాయిలో ఉంటాడు. మా మౌనిక అప్పుడు డిగ్రీ చదువుతోంది. కాలేజీ నుంచి రాగానే జపాన్ బొమ్మల కథలకు కళ్లప్పగించి కూర్చునేది. చూస్తే చూసింది, ఆ పిచ్చి ముదిరి, ఆ బొమ్మల వరసలోనే ఒక కొట్లాట ఆట తానే తయారు చేయడం మొదలుపెట్టింది. కంప్యూటర్లో ఇద్దరు ఎదురెదురుగా నిలబడతారు, గుద్దుకుంటారు, తన్నుకుంటారు, ఒకరు పడతారు. ఆ జపానోళ్లు చెయ్యమన్నారా అంటే లేదు. జీతమిస్తారా అంటే అదీ లేదు. ఉత్త ఇష్టం. నాకు మాత్రం సులువుగానే అర్థమైంది. బతుకమ్మను పేర్చమని మనకు ఎవరు జీతమిస్తున్నారు?

ఆయనకే అర్థం కాలేదు. వీడియో కాల్లో ఒకటే రుసరుస.

"గా బొమ్మల కొట్లాట కడుపు నింపుతదా? సిరిసిల్లల మా అక్కోళ్ల బట్టల దుకాణంల కూసోవెట్టు."

"నాయినా, జగిత్యాలల మేళా ఉన్నది. గక్కడ నా ఆట ఎట్ల ఆడుతరో సూడు, గప్పుడు చెప్పు."

"సరే బిడ్డా. గక్కడ మెచ్చుకుంటే చేసుకో. లేకుంటే గా కంప్యూటర్ మూటగట్టి దుకాణానికి పో. మల్ల ఏడ్సుడు లేదు."

ఆ మేళాకు బొమ్మల కథల పిచ్చి ఉన్న పిల్లలంతా వస్తారు. ఎవరు చేసిన ఆటను వాళ్లు ఒక బల్ల మీద పెట్టుకుంటారు. ఏ బల్ల ముందు వరుస పొడుగ్గా ఉంటే, ఆ ఆటను చివర్లో పెద్ద తెర మీద ఆడిస్తారు. బిడ్డ బతుకు అటో ఇటో తేలే రోజాయె, నేను ఇంట్లో ఎట్లా ఉంటాను? పొద్దున్నే పోచమ్మకు సాక నీళ్లు పోసి, తినడానికి సర్వపిండితో పాటు వేపమండలతో కట్టిన ఒక వేపరొట్ట, పసుపు పొట్లం సంచిలో వేసుకున్నాను.

"గిదెందుకే అమ్మా?"

"నీ కంప్యూటర్‌కు దిష్టి తగల్కుంట."

"కంప్యూటర్‌కు దిష్టేంది!"

"నీకు తెల్వది, నువ్వు ఊకో."

తీరా చూస్తే మా బల్ల ముందు ఈగ కూడా వాలలేదు. పక్క బల్ల మీద ఎవరో మగపిల్లల ఆట. అక్కడ చీకటి పడే వేళ కల్లు దుకాణం దగ్గర ఉన్నంత జనం. నా బిడ్డ మొహం ఎండిన తునికాకైంది.

"శిరీష రానీ అమ్మా, జనం గాళ్లంతట గాళ్లే వస్తరు" అని, ఏదో వైరు తెస్తానని బయటికి పోయింది.

శిరీష అంటే సిరిసిల్ల పిల్ల. ఇద్దరూ కలిసే ఈ ఆట చేశారు. నేను ఆ పిల్లను ఎన్నడూ చూడలేదు. ఫోన్లో "బాగున్నరా ఆంటీ" అనే గొంతు మాత్రం తెలుసు. పిల్లిపిల్ల కూడా అంతకంటే గట్టిగా అరుస్తుంది.

అదిగో, అప్పుడు వచ్చింది! శిరీష కాదండీ, అమ్మవారు! ఎర్రచీర, నడుం దాటిన విరబోసిన జుట్టు, నిప్పుకణాల్లాంటి కళ్లు, చేతిలో కత్తి. సరిగ్గా మా బల్ల ముందుకొచ్చి, కాలు నేలకేసి కొట్టి, "ర..క్తం కావాలె!" అని ఒక్క అరుపు.

చుట్టూ చూస్తే పిల్లలంతా ఫోన్లు పట్టుకొని వీడియో తీస్తున్నారు. పాపం, ఎవరి పిల్లకో నట్టనడుమ పూనకం వస్తే, పట్టుకునే దిక్కు లేదు! ఇట్లాంటప్పుడు ఏం చెయ్యాలో నాకు కాక ఇంకెవరికి తెలుసు? నీళ్ల సీసాలో పసుపు కలిపాను. వేపరొట్ట పట్టుకొని ముందుకు దూకాను.

"ఎవలు తల్లీ నువ్వు? పోచమ్మవా, ఎల్లమ్మవా?"

ఆ పిల్ల తడబడింది. అయినా కత్తి దించలేదు. "నేను... నేను రక్త మహారాణిని!"

ఆ పేరు అమ్మవారిని నేనెరుగను. ఎరగకపోతే ఏమాయె, కోపంలో ఉన్న తల్లి తల్లే కదా.

"ఏం తప్పయింది తల్లీ? ఏం గావాలె?"

"ఓడినోళ్ల ప్రాణం కావాలె!"

"కోడిని కోస్తం తల్లీ! సాలదంటే యాటపోతును కోస్తం! పిల్లల జోలికి రాకు!"

జనం పగలబడి నవ్వారు. నాకు ఒళ్లు మండింది. "ఏం మనుషులయ్యా మీరు? అమ్మవారి ముంగట గా నవ్వుడేంది? చెప్పులిడువుండ్రి!" అని గదిమాను. నమ్మండి, ముందు వరుసలో ఉన్న నలుగురు నిజంగానే చెప్పులు విడిచారు.

ఇక ఆలస్యం చెయ్యకుండా పసుపునీళ్లు మొహం మీద చల్లాను. వేపరొట్టతో తల నుంచి కాళ్ల దాకా దిగదుడిచాను. "శాంతించు తల్లీ, శాంతించు" అంటూ, ముడేద్దామని ఆ జుట్టు పట్టుకున్నాను.

జుట్టు మొత్తం నా చేతికొచ్చింది.

నేను పెట్టిన కేక కథలాపూర్ దాకా వినిపించి ఉంటుంది. అమ్మవారి జుట్టు నా పిడికిట్లో! ఎదురుగా రెండు జడలతో, పసుపు కారుతున్న మొహంతో, పిల్లిపిల్ల గొంతు.

"ఆంటీ... నేను ఆంటీ... శిరీషను."

అప్పుడే వైరు పట్టుకొని వచ్చిన మౌనిక గుంపును తోసుకుంటూ పరుగెత్తింది. "అమ్మా! ఏం చేసినవే! అది మా ఆటల ఉన్న రాణి లెక్క తయారైందే!"

"మరి ముందుగాల చెప్పవద్దా?"

"జనానికి చెప్పాలె అనుకున్న గని, నీకు చెప్పాలె అనుకోలేదే!"

జుట్టును మెల్లగా బల్ల మీద పెట్టాను. దుకాణం, కత్తెర, బట్టల మూటలు కళ్ల ముందు తిరిగాయి. బిడ్డ బతుకును నేనే ముంచానని కొంగు నోట్లో కుక్కుకున్నాను. ఇంతలో గుంపులోంచి ఒక పిల్లగాడు, చెప్పులు చేతిలో పట్టుకొనే, మా బల్ల దగ్గరకొచ్చాడు.

"అక్కా, గీ వేపరొట్ట అమ్మ మీ ఆటల ఉన్నదా?"

మౌనిక నన్ను చూసింది. శిరీషను చూసింది. కన్ను కూడా ఆర్పకుండా చెప్పింది: "ఉంటది తమ్మీ. వరుసల నిలవడుండ్రి, జెర్రసేపట్ల వస్తది."

నన్ను గోడ దగ్గర నిలబెట్టి ఫోన్లో ఫొటోలు తీశారు. రొట్ట ఎత్తమన్నారు, దించమన్నారు, నీళ్లు చల్లమన్నారు, "శాంతించు తల్లీ" అని ఫోన్లోకి అనమన్నారు. శిరీష పసుపు మొహంతోనే కంప్యూటర్ ముందు కూర్చుంది. ఈలోగా వరుస మా బల్ల దగ్గర మొదలై, గుమ్మం దాటి, బయట బండ్లు ఆపే చోటుకు చేరింది. పక్క బల్ల మగపిల్లలు కూడా అందులోనే నిలబడ్డారు!

చివరికి పెద్ద తెర మీద నేను! ఒకవైపు రక్త మహారాణి కత్తి తిప్పుతోంది. ఇంకోవైపు చీర చెంగు నడుముకు చెక్కుకొని నేను. గుద్దడం లేదు, తన్నడం లేదు. నడిచి వెళ్లి, రొట్టతో దిగదుడిచి, "శాంతించు తల్లీ" అంటాను. మహారాణి జుట్టు ఊడిపోతుంది, బుద్ధిగా కూలబడుతుంది. హాలు ఈలలతో మోగిపోయింది. అందరి కంటే గట్టిగా అరిచింది శిరీష. పిల్లిపిల్ల ఎటు పోయిందో!

మర్నాడు ఆయన ఫోన్. నేనే భయపడుతూ అడిగాను, "కంప్యూటర్ మూటగట్టాల్నా?"

"మూటేంది! బిడ్డ రాత్రి పంపిన గా ఆట మా రూముల అందరి ఫోన్లల్ల ఉన్నది. అందరు నీ బొమ్మనే వెట్టుకొని ఆటల నన్ను కొడుతుండ్రు. బిడ్డనడిగి చెప్పు, నిన్ను ఓడగొట్టుడెట్లనో."

"గది బిడ్డకు గూడ తెల్వదు" అన్నాను.

అందుకని, పోచమ్మ సాక్షిగా, చేతిలో వేపరొట్ట పట్టుకొని మీ అందరి ముందు ఒట్టు పెడుతున్నాను. ఇకమీదట ఎంత ఉగ్రంగా ఎవరు ఊగినా, ఎన్ని ప్రాణాలు అడిగినా, తొందరపడి పసుపునీళ్లు చల్లను. ముందుగా చేతులు జోడించి, మర్యాదగా ఒక్క మాట అడుగుతాను: "తల్లీ, నీ జుట్టు నీదేనా?"